తరుగు

సిరొంచ తహసీలు గోడకు ఆనుకుని
ఇరవై రెండేళ్లుగా నా టైపు మిషను.
తెలుగులో చెప్పుకునేవాళ్ల కష్టాన్ని
మరాఠీలో రాసిపెడతాను.
పేజీకి ముప్పై.
మధ్యలో ఏడిస్తే అదనంగా ఏమీ తీసుకోను.

జాడి లస్మక్క వచ్చిననాడు
ఇంకా ఆమె గోళ్లల్లో తునికాకు పసరు.
"తన్నిండు సారూ" అన్నది.
"ఎవరిని?"
"నా కట్టల్ని. కల్లంల పేర్చిన కట్టల్ని. బూటుకాలితోటి."
వందకు ఐదు కట్టలు తరుగు కింద కొట్టేస్తుంటే
ఎండకు ఆకు ఎండుతది గాని
లెక్క ఎట్ల ఎండుతది అని అడిగిందట.

నేను రాశాను: గైర్‌వర్తన్.
డిపో మేనేజరు వానఖడే గారి గైర్‌వర్తన్.
నున్నటి మాట.
దానికి కాలు లేదు, బూటు లేదు,
చెదిరిన ఆకుల మీద దుమ్ము లేదు.

ఆమె చెప్పింది ఫిర్యాదు.
మరాఠీ గట్టెక్కి తక్రార్ అయింది.
తిరిగి ఊళ్లోకి దిగేసరికి
తకరారు.
"లస్మక్క తకరారు మనిషి" అన్నారు కల్లం కాడ.
మరుసటేడు జాబితాలో ఆమె పేరు లేదు.

చౌకశీ జరిగింది.
విచారణను అక్కడ అట్లా అంటారు;
లస్మక్కకు అందులో చౌకే వినిపించింది.
విచారించినాయనా వానఖడే ఒకే క్వార్టర్లో ఉంటారు,
ఒకే కుక్కర్లో పప్పు.
నివేదిక మూడు వాక్యాలు. ఆఖరిది:
తక్రారులో తథ్యం లేదు.
దాన్నీ ఆమెకు నేనే చదివి వినిపించాను.
ఆ పూట ముప్పై అడగడానికి నోరు రాలేదు.

నాగపూరు కోర్టుకు పోదామన్నది ఆమే.
మన అడవిలో రోడ్డు రోడ్డులా లేదు గనుక
ప్రాణహిత వంతెన దాటి పక్క రాష్ట్రంలోకి,
మంచిర్యాలలో రైలెక్కి మళ్లీ మన రాష్ట్రంలోకి.
సొంతింటి తలుపు తట్టడానికి
పక్కింటి పెరట్లోంచి పోయినట్టు.

జడ్జిగారు కేకలేమీ వేయలేదు.
కళ్లద్దాలు తుడుచుకుంటూ ఒక్కటే అడిగారు:
"విచారించినవారు కట్టలు లెక్కపెట్టారా?"
సర్కారు వకీలు కాగితాలు తిరగేశాడు.
ఫ్యాను తిరిగింది.
ఆ కాసేపటి నిశ్శబ్దం
నేను ఇన్నేళ్లలో టైపు చేసిన అన్నిటికంటే
తప్పుల్లేని కాగితం.

ఆ తర్వాత నాలుగు వారాలు.
మళ్లీ నాలుగు వారాలు.
సీలు వేసిన కవరు వచ్చింది. తెరిచారు. మూశారు.
కొత్త అధికారి, కొత్త గడువు,
నడుమ వానలు, నడుమ ఎన్నికలు.
ఒకనాడు కోర్టు వరండాలో వానఖడే
స్టీలు డబ్బా ముందు ఒంటరిగా కూర్చున్నాడు.
"మెతుకు దిగుతలేదు పాపం" అన్నది లస్మక్క.
నాకు కోపం వచ్చింది. ఆమెకు రాలేదు.

వేసంగికి కోర్టు పంపిన మనిషి కల్లానికి వచ్చాడు.
లస్మక్క కళ్లు ఎటో పెట్టి
బొటనవేలి కింద ఆకులు జార్చింది.
యాభై.
ఇంకో కట్ట. యాభై.
ఆయన విప్పి తాను లెక్కపెట్టాడు.
నలభై ఎనిమిది అన్నాడు, యాభై ఒకటి అన్నాడు,
మూడోసారి యాభై.
పుస్తకంలో తన రెండు తప్పులూ రాసుకున్నాడు.
సర్కారు చెయ్యి తన తప్పు తానే రాసుకోవడం
నేను చూడటం అదే మొదలు.

నిన్న ఉత్తర్వు వచ్చింది.
వానఖడేను డిపోకు దూరంగా ఉంచాలట.
తరుగు పేరిట పోయిన కట్టల లెక్క
కల్లం కల్లం వారీగా కోర్టు ముందు పెట్టాలట.
లస్మక్క పేరు జాబితాలో ఎక్కించాలట.
తర్వాతి తారీఖు సెలవులు అయినంక.

"నికాల్ అయినట్టేనా?"
"కాలేదక్కా. ఇది నడిమి ఉత్తర్వు."
ఆమె కాగితాలు చేతిలోకి తీసుకుంది.
చదువు రాదు. కళ్లు ఎటో పెట్టి
బొటనవేలితో జార్చింది.

"పన్నెండంటివి గద సారూ.
ఇవి పదకొండే ఉన్నయి.
ఒకటి తరుగు తీసిన్రా?"

వెతికాను.
నా టైపు మిషను కిందే ఉంది.